కాలాన్ని నెమ్మది చేసే రాయిని సీమ నేలలో పుట్టించడం ఎలా: ఫాంటసీ రాసేవాళ్ళ కోసం

ఫాంటసీ కథో, గేమో రాసేవాళ్ళు చాలామంది ఎప్పుడో ఒకప్పుడు కాలంతో ఆడుకునే రాయి ఒకటి పెడతారు. హీరోకి నీలంగా మెరిసే రాయి దొరుకుతుంది, పిడికిలి బిగిస్తే కాలం ఆగిపోతుంది, విలన్ దాన్ని లాక్కోవాలని చూస్తాడు, మూడో పేజీకి చదివేవాడికి ఆవులింత వస్తుంది. ఎందుకు రాదు? వాళ్ళు పెట్టింది రాయి కాదు, టీవీ రిమోట్. దాన్ని ఎవరు తవ్వారు, ఏ లోతులో తవ్వారు, తవ్వినవాడికి కూలి ఎంత ముట్టింది, తవ్విపోసిన మట్టి ఎవరి చేలో పడింది, ఈ సంగతులేవీ ఎక్కడా ఉండవు.

అందుకే నా పద్ధతి వేరే. శక్తి సంగతి తర్వాత చూసుకోవచ్చు, ముందు నేల సంగతి తేల్చుకోండి. కర్నూలు, కడప, అనంతపురం వాళ్ళకైతే ఇది ఇంకా సులువు కావాలి. తొలకరి పడగానే పనులన్నీ మానుకుని చేలల్లో వజ్రాలు వెతికే జనం మన దగ్గర ఉన్నారు. ఇంటి గడప నుంచి పశువుల కొట్టం దాకా నాపరాళ్ళ మీద బతికే ఊళ్ళు ఉన్నాయి. ఇవన్నీ చుట్టూ పెట్టుకుని ఎక్కడో మంచు కొండల్లో స్ఫటికాలు పుట్టించాల్సిన అవసరం ఏముందో నాకు అర్థం కాదు.

గైడ్ అంతటా ఒకే ఉదాహరణతో నడుస్తాను. దాని పేరు జామురాయి. ఇది పూర్తిగా కల్పితం, గూగుల్లో వెతక్కండి. మీ రాయికి మీ పేరు, మీ రూల్స్ పెట్టుకోండి, లెక్క వేసే తీరు మాత్రం ఇక్కడి నుంచి తీసుకోండి.

ముందు ఒకే ఒక్క పని, దానికి ఒక అంకె

కాలాన్ని శాసిస్తుంది అని రాశారంటే మీ దగ్గర ఇంకా ఏమీ లేనట్టే. నెమ్మది చేస్తుందా, తొందర చేస్తుందా, పూర్తిగా ఆపుతుందా, జరిగిపోయింది చూపిస్తుందా? ఒక్కటి ఎంచుకోండి. రెండు పనులు చేసే రాయి కథని పాడు చేస్తుంది, మొదటి పనితో వచ్చిన చిక్కుని రెండో పనితో విప్పేసే సులువు మీకు దొరికిపోతుంది కాబట్టి.

నా జామురాయి కాలాన్ని నెమ్మది చేస్తుంది, అంతే. బయట ఒక జాము గడిస్తే రాయి పక్కన ఒక్క గడియే గడుస్తుంది. జాము అంటే మూడు గంటలు, గడియ అంటే 24 నిమిషాలు, కాబట్టి తేడా ఏడున్నర రెట్లు. రాయి చిన్నదైనా పెద్దదైనా ఈ ఏడున్నర మారదు, ఎంత మేర పనిచేస్తుందనేదే మారుతుంది. చింతగింజంత రాయికి జానెడు దూరం, టెంకాయంత రాయికి ఒక గది. ఇంత చిన్న రూల్ ఎందుకంటే, ఇరవయ్యో అధ్యాయంలో ఎవడో ఒక పాత్ర ఎంతసేపు లోపలున్నాడో లెక్క వేయాల్సి వచ్చినప్పుడు మీరు కాలిక్యులేటర్ తీసి ఒక్క భాగహారంతో తేల్చేయాలి. అక్కడ తడబడితే చదివేవాళ్ళు పట్టేస్తారు, వాళ్ళు మనకన్నా శ్రద్ధగా లెక్క వేస్తారు.

తొందర చేసే రాయి కావాలంటే ఒక హెచ్చరిక. అందరికీ మొదట తట్టేది పంట. విత్తనం వేసి రాయి పెడితే సాయంత్రానికి శెనక్కాయ చేతికొస్తుంది, అనంతపురం కరువు తీరిపోతుంది అని. తీరదు. శెనక్కాయ పంటకు దాదాపు 110 రోజులు పడుతుంది, ఆ 110 రోజులూ అది తాగాల్సిన నీళ్ళు తాగాల్సిందే. ఏడాదికి 550 మిల్లీమీటర్ల దగ్గర వాన పడే జిల్లాలో ఒక్క పగట్లో అంత నీళ్ళు ఎవరు పోస్తారు? కాలం ముందుకు జరిగింది కదా అని మోడం పట్టదు. మీ రాయి ఇలా నీళ్ళ దగ్గర ఓడిపోతే అప్పుడు కథ మొదలైనట్టు లెక్క, ఎందుకంటే ఇప్పుడు రాయి ఉన్నవాడు బోరు ఉన్నవాడి గడప తొక్కాలి.

ఏ నేలలో దొరుకుతుందో తేల్చండి, కథ ఎవరిదో తేలుతుంది

ఇక్కడ ఎక్కువ టైమ్ పెట్టండి. ఖనిజం నేలలో ఎలా ఉంటుందన్నది భూగర్భ శాస్త్రం విషయమే అనుకుంటాం గానీ, అది ఎవరికి దొరుకుతుంది, ఎవరు ధనవంతులవుతారు, ఎవరు చస్తారు అన్నది కూడా దాన్నిబట్టే ఉంటుంది. మన పాత మూడు జిల్లాల్లోనే దీనికి మూడు రకాల నమూనాలు ఉన్నాయి.

మొదటిది వజ్రం రకం. వజ్రకరూరు చుట్టుపక్కల కింబర్లైట్ అనే రాయి గొట్టాల్లాగా భూమిలోంచి పైకి తన్నుకొచ్చి ఉంది, 150 కిలోమీటర్ల కన్నా లోతు నుంచి వజ్రాల్ని మోసుకొచ్చింది. ఆ గొట్టాల వయసు సుమారు 110 కోట్ల ఏళ్ళు. అంత కాలం ఎండకీ వానకీ పైభాగం అరిగి కొట్టుకుపోయి రాళ్ళు చెల్లాచెదురయ్యాయి. జొన్నగిరి, తుగ్గలి, పగిడిరాయి వైపు ఇప్పటికీ తొలకరికి పై మట్టి కడుక్కుపోయి ఎవరికో ఒకరికి దొరుకుతుంది, వ్యాపారులు డబ్బుతో పాటు తులాల లెక్కన బంగారం కూడా ఇచ్చి కొనుక్కున్నారని పేపర్లో చదువుతుంటాం. మీ రాయి ఇలాంటిదైతే హీరో ఎవరైనా కావచ్చు, కలుపు తీసే కూలామె కావచ్చు, మేకలు కాసే పిల్లోడు కావచ్చు. అయితే దొరకడంతో కష్టం తీరదు, అమ్ముకోవడంలో మొదలవుతుంది. రాయి విలువ కొనేవాడికి తెలుసు, దొరికినవాడికి తెలియదు. ఊర్లో నలుగురికి తెలిసేలోపు అమ్మేయాలి. కథంతా ఆ ఒక్క రాత్రిలో నడపొచ్చు.

రెండోది ముగ్గురాయి (బెరైటీస్) రకం. పాత కడప జిల్లా మంగంపేటలో ముగ్గురాయి ఒకే చోట కుప్పగా ఉంది, ఒక్కచోట ఉన్న నిల్వల్లో ప్రపంచంలోనే పెద్దదని పేరు. నీళ్ళకన్నా నాలుగున్నర రెట్లు బరువు, అందుకే చమురు బావులు తవ్వేటప్పుడు బురదలో కలుపుతారు. ఇలాంటి రాయి ఒక్క మనిషికి దొరకదు. పెద్ద గుంత, పెద్ద మిషన్లు, వరసగా లారీలు, రాజ్యం ముద్ర, వేలంపాట, లీజు. మీ కథ రాజకీయం వైపు పోవాలంటే ఈ రకం పెట్టుకోండి. ఒంటరి హీరోకి ఇందులో చోటు తక్కువ.

మూడోది పులివెందుల రాతినార (ఆస్బెస్టాస్) రకం. అక్కడ డోలమైటు (సున్నపురాయి లాంటి రాయి) పొరల మధ్యకి కరిగిన శిల చొరబడింది, ఆ వేడికి రెండూ కలిసే అంచులో రాతినార పుట్టింది. అంచు సన్నగా ఉంటుంది కాబట్టి దాన్ని పట్టుకుని పోవాలంటే సొరంగం తవ్వాలి, మనిషి వంగి, పాకి పోవాలి, ఆ నార ఊపిరితిత్తుల్ని తినేస్తుంది. ఒక్కో గజానికీ మనిషి ఒళ్ళు ఖర్చవుతుంది. కథ కూలివాడిది అవుతుంది.

జామురాయికి నేను మూడోది తీసుకున్నాను. చుట్టూ కాలం నెమ్మదిగా ఉన్న సొరంగంలోకి మనిషి రోజూ దిగి పనిచేయాలి అనేది నాకు ఊహించుకున్న కొద్దీ పెరిగింది కాబట్టి. మీ ఊహ ఎటు పెరిగితే అటు పోండి.

ఇంకా లోతుగా కావాలంటే కడప బేసిన్ అనే పాత శిలల పల్లం గురించి కొంచెం చదవండి. దాదాపు 44,500 చదరపు కిలోమీటర్లు, నెలవంక ఆకారంలో, సముద్రం అడుగున పేరుకున్న పొరలు. పులివెందుల దగ్గర చొరబడిన శిలల వయసు సుమారు 190 కోట్ల ఏళ్ళని తేల్చారు, అంటే అవి చొరబడిన డోలమైటు పొరలు అంతకన్నా పాతవి. వేంపల్లె వైపు రాళ్ళలో గుండ్రటి పొరలు పొరలుగా కనిపించేవి సూక్ష్మజీవులు కట్టిన చాపలు, జంతువులు పుట్టకముందు ఇక్కడ బతికినవి. విలియం కింగ్ అనే భూగర్భ శాస్త్రవేత్త 1872లోనే కడప, కర్నూలు శిలల మీద పెద్ద గ్రంథం అచ్చేయించాడు. ఫాంటసీలో వెయ్యేళ్ళ పాత రాజ్యం అని రాసి మురిసిపోతుంటాం, మన నట్టింట్లో పరిచిన నాపరాయి ముందు ఆ వెయ్యేళ్ళు ఏమాత్రం?

శక్తి ఎక్కడి నుంచి వస్తోంది

నిజమైన ఖనిజాల్లోనే కాలం లెక్క పెట్టేవి ఉన్నాయి, అప్పు తీసుకోండి. చేతి గడియారంలోని క్వార్ట్‌జ్ (పలుగురాయి) ముక్క సెకనుకి 32,768 సార్లు కంపిస్తుంది. యురేనియం సగం తరగడానికి దాదాపు 447 కోట్ల ఏళ్ళు పడుతుంది, కడప జిల్లా తుమ్మలపల్లెలో తవ్వుతున్నది అదే.

నాకు వీటన్నిటికన్నా నచ్చింది వేరే ఒకటి. పలుగురాతి ఇసుక రేణువు చీకట్లో పూడిపోయి ఉన్నంతకాలం చుట్టుపక్కల నుంచి వచ్చే రేడియేషన్ని కొంచెం కొంచెంగా లోపల దాచుకుంటుంది, వెలుతురు తగిలితే అదంతా ఖాళీ అయిపోతుంది. ఎంత దాచుకుందో కొలిస్తే చివరిసారి ఎండ చూసి ఎన్నాళ్ళయిందో చెప్పొచ్చు. బనగానపల్లె దగ్గర జ్వాలాపురంలో ఈ పద్ధతి వాడారు. సుమారు 74,000 ఏళ్ళ కింద ఇండోనేషియాలో టోబా అగ్నిపర్వతం పేలినప్పుడు ఎగిరొచ్చిన బూడిద అక్కడ పొరగా పడి ఉంది, ఆ పొరకి కిందా పైనా మనుషులు చేసిన రాతి పనిముట్లు దొరికాయి. ఆ బూడిదని మనవాళ్ళు తవ్వి గిన్నెలు తోమే పొడికి అమ్మారన్నది ఇంకో సంగతి. ఫాంటసీ రాసేవాళ్ళు ఇలాంటివాటి కోసం డబ్బిచ్చి మరీ వెతుక్కోవాలి, మనకి ఊరికే ఉన్నాయి.

జామురాయికి ఈ రూలే పెట్టాను. చీకట్లో కోట్ల ఏళ్ళు ఉండి కాలాన్ని పీల్చుకుంది, ఎండ తగిలితే ఒక్క పగట్లో ఖాళీ. మళ్ళీ నిండాలంటే మళ్ళీ అంతకాలం పూడ్చాలి. ఇక చూడండి, ఈ ఒక్క రూల్‌తో ఎన్ని వచ్చి పడతాయో. రాయిని గని నుంచి పైకి తీయడం రాత్రి పూటే. రాయిని నల్ల గొంగళిలో మూడు మడతలు చుట్టి మోయాలి, కాబట్టి గొర్రెల కాపరులకి గిరాకీ. గనికి దగ్గరున్న ఊళ్ళలో పగలు నిద్ర, రాత్రి సంత. ఖాళీ అయిన జామురాయి చూడడానికి మామూలు పలుగురాయిలానే ఉంటుంది కాబట్టి మోసం చేసే బేరగాళ్ళు బోలెడు మంది. ఇవేవీ నేను కూర్చుని కనిపెట్టలేదు, రూల్ ఇచ్చేసింది.

ఎండ సంగతిలో ఇంకో కారణం కూడా ఉంది. బయట గంటసేపు కాసిన ఎండ, లోపలున్నవాడికి ఎనిమిది నిమిషాల్లో వచ్చి పడుతుంది. మే నెల గుంతకల్లు ఎండని ఏడున్నరతో గుణించి చూడండి, మనిషి మాడిపోతాడు. కాంతి రంగు కూడా మారిపోవాలి, లెక్క కచ్చితంగా పట్టుకుంటే లోపలివాళ్ళు బయటికి అసలు కనిపించకూడదు. అంత దూరం పోతే కథ కాదు, ప్రాక్టికల్ రికార్డు అవుతుంది. నేను ఎండ దెబ్బ ఉంచుకుని రంగుల సంగతి వదిలేశాను. ఏది ఉంచుకున్నా మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా ఒకేలా ఉంచండి.

శబ్దం మాత్రం వదలొద్దు, అది బాగా పనికొస్తుంది. మగవాళ్ళ గొంతు సుమారు 120 హెర్ట్‌జ్ అనుకుందాం, ఏడున్నరతో భాగిస్తే 16. మనిషి చెవికి 20 కన్నా తక్కువ వినిపించదు. అంటే గనిలో ఉన్నవాడు కాపాడండి అని అరిచినా పైనున్నవాళ్ళకి గుర్రుమనే మూలుగు తప్ప మాట అందదు. పైనుంచి పిలిస్తే కిందివాడికి కీచుమని వినిపిస్తుంది. కాబట్టి నోటి మాట పనికిరాదు, తాడు లాగే గుర్తులు పెట్టుకోవాలి. ఒక లాగుడు సంచి నిండింది, రెండు నీళ్ళు, మూడు పైకి లాగండి. పైవాడు ఒక నిమిషం ఆలస్యం చేస్తే కిందివాడికి ఎనిమిది సెకన్లే, కానీ కిందివాడు ఒక నిమిషం తటపటాయిస్తే పైవాడు ఏడున్నర నిమిషాలు తాడు పట్టుకుని టెన్షన్ పడాలి.

కూలి లెక్క, వడ్డీ లెక్క

కథకి ప్రాణం ఇక్కడుంది. ఎవరూ రాయని భాగం కూడా ఇదే.

గనిలో దిగినవాడికి ఎనిమిది గంటల షిఫ్టు అనుకోండి. ఏడున్నరతో గుణిస్తే ఊర్లో 60 గంటలు, రెండున్నర రోజులు. పైకొచ్చి పన్నెండు గంటలు తిని పడుకుని మళ్ళీ దిగుతాడు. మొత్తం 72 గంటలు, ఊర్లో మూడు దినాలు, వాడు బతికింది 20 గంటలు. ఇలాగే ఊరి లెక్కలో 18 ఏళ్ళు పనిచేస్తే వాడి ఒంటికి గడిచేది ఐదేళ్ళు. ఇరవై ఏళ్ళ వయసులో, కూతురు పుట్టిన మర్నాడు గనిలో దిగినవాడు ఇప్పుడు పాతికేళ్ళవాడు, కూతురికి పద్దెనిమిది. పెళ్ళిచూపులకి వచ్చినవాళ్ళు ఈయన పెళ్ళికూతురి అన్న అనుకుంటారు. భార్యకి ఎన్నేళ్ళొచ్చి ఉంటాయో మీరే లెక్క వేసుకోండి.

ఇప్పుడు కూలి. యజమాని అంటాడు, నువ్వు చేసింది ఒక షిఫ్టు, ఇదిగో ఒక కూలి. కూలివాడి ఇంట్లో వాళ్ళు మూడు రోజులు తినాలి. ఏ గడియారం ప్రకారం జీతం ఇవ్వాలి అనే ఒక్క గొడవ చాలు, దాని మీద సమ్మె కట్టొచ్చు, చట్టం కట్టొచ్చు, హత్య కూడా కట్టొచ్చు.

అప్పు ఇంకా దారుణం. వడ్డీ ఊరి క్యాలెండర్ మీద నడుస్తుంది. దిగే ముందు లక్ష రూపాయలు రెండు రూపాయల వడ్డీకి తెచ్చుకున్నాడు అనుకోండి, 18 ఏళ్ళకి బారువడ్డీ లెక్కనే 4,32,000, చక్రవడ్డీ జోలికి పోనే పోవద్దు. వాడి ఒంటికి మాత్రం ఐదేళ్ళే. అప్పిచ్చినవాడు ఏం చేస్తాడు? తెలివైనవాడైతే తనూ ఒక జామురాయి కొని ఇంట్లో చీకటి గది కట్టుకుని అందులో పడుకుంటాడు. అప్పులన్నీ బయట పెరుగుతాయి, తను మాత్రం ముసలివాడు కాడు.

కరువు కూడా అంతే. 1876-78 నాటి ధాత కరువు లాంటిది మీ లోకంలో వచ్చిందనుకోండి. ఉన్నవాళ్ళు రాతి గదిలో దూరి తలుపేసుకుంటే రెండేళ్ళ కరువు వాళ్ళకి మూడు నెలల చిల్లర. బయటికొచ్చి వానలు బాగున్నాయా అని అడుగుతారు. లేనివాళ్ళకి మొత్తం రెండేళ్ళు. ఇలాంటి గది ఒకటి రాస్తే దయ్యాలూ రాక్షసులూ అవసరం లేదు, తలుపు బయట నిలబడ్డ పాలేరు చాలు.

మంచి వాడకాలు కూడా పెట్టండి, లేకపోతే రాయి విలన్ అయిపోతుంది. పాము కరిచినవాణ్ణి రాళ్ళ మధ్య పడుకోబెట్టి బండి కడితే, మూడు గంటల దారిలో వాడి ఒంట్లో విషం పాకేది 24 నిమిషాల మేరే. (బండి కూడా రాయి పరిధిలో ఉంటే ఎద్దులు ఏడున్నర రెట్లు నెమ్మదిగా నడుస్తాయి, చూసుకోండి.) వారానికి మెత్తబడే టమోటా రాతి గోదాములో యాభై రోజులు నిలుస్తుంది. పత్తికొండ వైపు ధర పడిపోయినప్పుడల్లా రైతులు టమోటాలు రోడ్డు మీద పారబోయడం మనకి తెలిసిందే కాబట్టి, ఇలాంటి గోదాము ఎవరి చేతిలో ఉందో వాడే రేటు చెప్తాడని నేను విడమరచక్కర్లేదు.

రంగు, బరువు, పరీక్ష

ఇది తొందరగా తేల్చేయొచ్చు. గట్టితనం ఒక అంకె వేసుకోండి. ఒకటి నుంచి పది దాకా ఉండే మోస్ కొలమానంలో సున్నపురాతిలోని కాల్సైట్ 3, పలుగురాయి 7, వజ్రం 10. జామురాయి 3 దగ్గర, చాకుతో గీయొచ్చు, కాబట్టి నగల్లో పొదగలేరు, పొడి రాలుతుంది. ఆ పొడి ఎక్కడ పోతుంది అనేది మర్చిపోవద్దు. బేతంచెర్ల వైపు వెళ్ళేటప్పుడు రోడ్డు పక్కన బండల వ్యర్థం గుట్టలు చూసే ఉంటారు. మీ గని పక్కన కూడా అలాంటి గుట్ట ఉండాలి, దాని నీడలో మేసిన గొర్రెకి బొచ్చు ఏడాదికోసారే పెరగాలి.

అసలు రాయి అని తెలుసుకునే పరీక్ష ఇంట్లో ఉండే వస్తువులతో జరగాలి. నేను ఘటికలు పెట్టాను, అడుగున చిల్లు ఉండే రాగి గిన్నెలు, నీళ్ళలో వదిలితే ఒక గడియకి మునుగుతాయి. రాత్రి పూట రెండు తొట్లలో రెండు గిన్నెలు వదులుతారు, ఒకదాని పక్కన రాయి పెడతారు. మొదటి గిన్నె ఏడుసార్లు మునిగినా రెండోది ఇంకా తేలుతూ ఉంటే అసలు రాయి. బేరం తెగడానికి ఒక జాము పడుతుంది, ఆ మూడు గంటల్లో కొనేవాడూ అమ్మేవాడూ ఎదురెదురుగా కూర్చుని ఏం మాట్లాడుకుంటారు? అది మీకు ఊరికే వచ్చిన సన్నివేశం.

జనం ఏమనుకుంటారు

రాయి ఉన్న చోట కథలు ఉండకపోతే నమ్మబుద్ధి కాదు. యాగంటి బసవన్న పెరుగుతున్నాడని మనవాళ్ళు నమ్ముతారు, ఒకప్పుడు చుట్టూ ప్రదక్షిణ చేసే చోటుండేదనీ ఇప్పుడు లేదనీ చెప్తారు, కలియుగం చివర లేచి రంకె వేస్తాడని నానుడి. అక్కడికి దగ్గర్లోనే రవ్వలకొండ గుహల్లో వీరబ్రహ్మంగారు కాలజ్ఞానం రాశారని చెప్పుకుంటారు. రాయి, కాలం, రెండూ ఇంత దగ్గరగా పెనవేసుకున్న చోటు ఇంకెక్కడుంది? అయితే వీటిని ఎత్తుకొచ్చి పేర్లు మార్చి పెట్టకండి, జనం మొక్కే దేవుళ్ళు వాళ్ళు, పైగా చదివేవాళ్ళు వెంటనే గుర్తుపడతారు. వాటి తీరు చూడండి. నమ్మకంలో కొలత ఉంది, సాక్ష్యం ఉంది, భవిష్యత్తులో జరగబోయేది ఒకటి ఉంది. మీరు కల్పించే నమ్మకానికి కూడా ఆ మూడూ ఉండాలి.

నా గని ఊర్లో బాలింత ఉన్న ఇంట్లోకి రాయి తేరు. చచ్చినవాళ్ళని గనికి దూరంగా పూడుస్తారు, లేకపోతే పెద్దకర్మ ఏ రోజు చేయాలో తేలదు. చాలు, ఇలాంటివి రెండు మూడు.

కోటలూ యుద్ధాలూ

గండికోట లాంటి కోట గోడలో రాళ్ళు పొదిగితే శత్రువు మెట్టు మెట్టుకీ నెమ్మదిస్తాడు, పైనుంచి వేసిన బాణం కూడా దగ్గరకొచ్చి నెమ్మదిస్తుంది, తెల్లారితే ఎండకి గోడంతా ఖాళీ. ఆయుధంగా ఎందుకు వాడలేదు అనే ప్రశ్నకి మీ రూల్ దగ్గరే జవాబు ఉండాలి, రాజుగారు నిషేధించారు అంటే కుదరదు. కాలం వెనక్కి పోవడం, చచ్చినవాళ్ళు లేవడం, ఈ రెండూ ముందే కొట్టేయండి.

రాసేటప్పుడు

రాయిని వర్ణించకండి. రాయి వల్ల పక్కకి జరిగిపోయిన బతుకుని చూపించండి. ఇలా:

మేస్త్రీ సంచి ముడి విప్పి నోట్లు తీశాడు. "ఒక షిఫ్టు. ఒక కూలి. సరిపాయె."

"ఊర్లో మూడు దినాలాయ కదన్నా."

"నువ్వు తినింది ఒక్క పూట సంగటే కదప్పా."

"నేను తింటి ఒక్క పూట. ఇంట్లో పిల్లోల్లు?"

మేస్త్రీ సంచి ముడి మళ్ళీ వేశాడు.

ఇందులో జామురాయి పేరు లేదు, మెరుపు లేదు. అయినా ఆ లోకం రూల్ మొత్తం అర్థమైపోతుంది. వివరించే పేరా రాయాలనిపించిన ప్రతిసారీ, అదే సంగతి మీద ఇద్దరు మనుషులు కొట్టుకునే సీన్ రాయగలరేమో చూడండి. పాత్రల చేత ఫిజిక్స్ మాట్లాడించొద్దు. ఏడున్నర రెట్లు అనే అంకె నా డ్రాఫ్టులో ఎక్కడా రాదు, "జాముకి గడియ" అంటారు, అంతే.

చివరగా, ఒకసారి తిరిగి రండి. పొద్దున్నే బయల్దేరితే యాగంటి, బనగానపల్లె, జ్వాలాపురం, కొలిమిగుండ్ల దగ్గర బేలం గుహలు ఒకే రోజులో చూడొచ్చు. బేలం 3,229 మీటర్ల పొడవు, 1884లో రాబర్ట్ బ్రూస్ ఫుట్ అనే భూగర్భ శాస్త్రవేత్త దాని గురించి రాశాడు, 1982-84 మధ్య జర్మన్ బృందం లోపల కొలిచింది. నేల కింద మనిషి ఒళ్ళు ఎలా ఉంటుందో, ఉక్క, చెమట, గాలి ఆడనితనం, చెవుల్లో గుయ్యిమనడం, అక్కడ రాసుకోండి. వర్షాకాలం కాకుండా వెళ్ళండి. గుహల్లో గానీ జ్వాలాపురంలో గానీ ఒక్క రాయి కూడా జేబులో వేసుకోవద్దు. వచ్చేటప్పుడు బేతంచెర్లలో బండలు కోసే ఫ్యాక్టరీ దగ్గర ఆగి, పనిచేసేవాళ్ళని కూలి ఎట్లా కడతారు, దుమ్ముకి ఏం చేస్తారు, బండ పగిలితే ఎవరి ఖాతాలో వేస్తారు అని అడగండి. మధ్యాహ్నం అన్నం టైముకి పోతే మేలు, మిషన్లు ఆపేసి ఉంటారు, మాట వినపడుతుంది.